నా ఐఎన్ఆర్ ఎప్పుడూ ఎక్కువే

నా రక్తపరీక్ష రిపోర్టులో ఒక అంకె ఎప్పుడూ లావు అక్షరాల్లోనే అచ్చయి వస్తుంది. దాని పక్కన హెచ్ అని ఒక అక్షరం, ఎక్కువ ఉందని గుర్తు. అదే వరుసలో కుడివైపు ‘నార్మల్ 0.8 నుంచి 1.2’ అని ఉంటుంది. నాది 2.9 వస్తుంది, ఒక్కోసారి 3.2 వస్తుంది. టేబుల్ మీద ఆ కాగితం ఎవరి కంటనైనా పడిందంటే ముందు గాభరా పడతారు, ఆ వెంటనే సలహా చెప్తారు. నాకు మాత్రం ఆ అంకె ఎప్పుడైనా 1.2 కు దిగిందంటే ఆ రాత్రి నిద్ర పట్టదు.

రక్తం గడ్డకట్టడానికి ఎంతసేపు పడుతుందో చూసే ఆ పరీక్షను ల్యాబుల్లో పీటీ ఐఎన్ఆర్ అంటారు. పీటీ అంటే ప్రోత్రాంబిన్ టైమ్, ఐఎన్ఆర్ అంటే ఇంటర్నేషనల్ నార్మలైజ్డ్ రేషియో. నేను నల్లగొండలో ఉంటాను, తిప్పర్తి దగ్గర ఒక జిల్లా పరిషత్ హైస్కూల్లో లెక్కలు చెప్తాను. గుండెలో వాల్వు మార్పించుకొని చాలా ఏళ్ళయింది. ఈ మధ్య మా స్కూల్ అటెండర్ కూతురికీ అదే ఆపరేషన్ అయింది. ఆ పిల్ల రిపోర్టు పట్టుకొని మా ఇంటికొచ్చి ఒక్కొక్కటే అడుగుతుంటే, ఇవన్నీ నాకు మొదట్లో ఎవరూ ఒక వరుసలో చెప్పలేదే అనిపించింది. అందుకే రాస్తున్నాను. మాత్రల మోతాదు మాత్రం ఎవరిది వాళ్ళ డాక్టరే చెప్పాలి. నా లెక్క నాది.

నా జబ్బు చిన్నప్పటిది. పదేళ్ళ వయసులో గొంతునొప్పి వచ్చి తగ్గింది. తగ్గిన కొన్నాళ్ళకు జ్వరం పట్టుకుంది. మోకాలు వాచింది. రెండు రోజులకు మోకాలు తగ్గి చీలమండ వాచింది, అది తగ్గేసరికి మణికట్టు. మా వైపు కీళ్ళనొప్పులంటే ఎవరికీ ఇంకో కారణం తట్టదు. బోరునీళ్ళల్లో ఫ్లోరైడ్ ఉంది కాబట్టి ఫ్లోరైడే. మర్రిగూడ, మునుగోడు మండలాల్లో వంగిపోయిన కాళ్ళను చూస్తూ పెరిగినవాళ్ళం, వేరే ఆలోచన ఎలా వస్తుంది? పటిక, సున్నం కలిపి నీళ్ళల్లోంచి ఫ్లోరైడ్ తీసే పద్ధతికి ‘నల్లగొండ టెక్నిక్’ అని మా జిల్లా పేరే పెట్టారంటే మా నీళ్ళ పేరు ఎంత దూరం పోయిందో చూడండి. కానీ ఫ్లోరైడ్ ఏళ్ళ తరబడి ఎముకను పట్టి పీడించే బాపతు. ఇవాళ ఒక కీలు, ఎల్లుండి ఇంకో కీలు అని తిరిగే నొప్పి, దాంతోపాటు జ్వరం, అంతకుముందు గొంతునొప్పి ఉన్నాయంటే అది రుమాటిక్ ఫీవర్ కావచ్చు. గొంతులో చేరిన స్ట్రెప్టోకాకస్ మీద పోరాడాల్సిన ఒంటి రక్షణ వ్యవస్థ, దారితప్పి కీళ్ళ మీద, గుండె వాల్వుల మీద పడుతుంది. కీళ్ళు బాగవుతాయి, వాల్వు బాగు కాదు. సమయానికి పెనిసిలిన్ పడితే చాలావరకు ఆగే జబ్బు ఇది. మా అమ్మ నాకు వేడినీళ్ళ కాపడం పెట్టింది. పాపం, ఆమెకు తెలిసింది అదే.

రెండో కాన్పప్పుడు ఆయాసం మొదలైంది. రాత్రి పడుకుంటే ఊపిరి ఆడేది కాదు, లేచి గోడకు ఆనుకొని కూర్చునేదాన్ని. డాక్టరమ్మ స్టెతస్కోపు పెట్టి ఎక్కువసేపు వింది. ఎకో తీయిస్తే గుండె ఎడమవైపు రెండు గదుల మధ్య ఉండే మైట్రల్ వాల్వు సన్నబడిందని తేలింది. కాన్పయ్యాక బెలూన్‌తో వాల్వును వెడల్పు చేశారు. కొన్నేళ్ళు బాగానే గడిచింది. మళ్ళీ బడి మెట్లు ఎక్కితే ఆగి ఆగి ఎక్కాల్సి వచ్చేసరికి, ఇక వాల్వే మార్చాలన్నారు. ఆ ఆపరేషన్ సంగతులు ఇక్కడ రాయను. అందరి ఆపరేషన్ కథలూ ఒకలాగే ఉంటాయి.

నాకు పెట్టింది చిత్ర వాల్వు. తిరువనంతపురంలోని శ్రీచిత్ర తిరునాళ్ సంస్థలో మనవాళ్ళే తయారుచేశారు. 1990 డిసెంబర్లో మొదటిసారి మనిషికి అమర్చారు. లోహపు చట్రంలో ఒక గట్టి ప్లాస్టిక్ బిళ్ళ ఉంటుంది. రక్తం తోసినప్పుడు వాలి దారి ఇస్తుంది, తిరిగొచ్చే రక్తాన్ని ఆపి మూసుకుంటుంది. మూసుకున్నప్పుడల్లా టిక్కుమంటుంది. అర్ధసంవత్సర పరీక్షల్లో క్లాసంతా నిశ్శబ్దంగా ఉంటే ముందు బెంచీ పిల్లవాడు ఒకడు, ‘మేడమ్, మీ వాచీ ఇంత గట్టిగ కొట్టుకుంటదా?’ అని అడిగాడు. నా చేతికి వాచీ లేదు. పేపరు రాయమన్నాను.

ఈ బిళ్ళతోనే మాత్ర అవసరం వచ్చింది. రక్తం తనది కాని ఉపరితలం తగిలితే గడ్డకట్టబోతుంది. గడ్డ వాల్వు దగ్గరే పెరిగితే బిళ్ళ కదలక ఇరుక్కుంటుంది. ఊడి మెదడులోకి పోతే పక్షవాతం. అందుకని జీవితాంతం రక్తం గడ్డకట్టడాన్ని కొంత నెమ్మది చేసే మాత్ర వేసుకోవాలి. వార్ఫరిన్ అందరికీ తెలిసిన పేరు. మన దగ్గర ఎక్కువగా రాసేది దాని దగ్గరి చుట్టం అసినోకౌమరాల్, మందుల షాపులో అసిట్రోమ్ అంటే ఇస్తారు. కాలేయం తయారుచేసే గడ్డకట్టే పదార్థాల్లో నాలుగింటికి విటమిన్ కె కావాలి. అవి 2, 7, 9, 10 నంబర్ల ఫ్యాక్టర్లు. వాడిన విటమిన్ కె మళ్ళీ పనికొచ్చే దారిని ఈ మాత్ర మూసేస్తుంది.

వార్ఫరిన్ పుట్టుక కూడా విచిత్రమే. 1920ల్లో అమెరికా ఉత్తర ప్రాంతాల్లో, కెనడాలో పశువులు చిన్న దెబ్బకే రక్తం కారి చనిపోయేవి. అవి తిన్నది బూజుపట్టిన ఒక రకం పశుగ్రాసం. 1933 చలికాలంలో విస్కాన్సిన్‌లో ఒక రైతు చనిపోయిన పశువుతోపాటు పాలక్యానులో గడ్డకట్టని రక్తం తీసుకొని కార్ల్ లింక్ అనే శాస్త్రవేత్త ఉన్న చోటికి వచ్చాడు. అక్కడ మొదలైన పరిశోధన 1948లో ఎలుకల మందుగా, 1954లో మనుషుల మందుగా తేలింది. మా మరిదికి ఈ సంగతి తెలిసినప్పటి నుంచి నేను మాత్ర వేసుకోవడం చూస్తే ‘వదినె ఎలుకల మందు ఏసుకుంటుంది’ అని నవ్వుతాడు. నవ్వనీ.

మోతాదు ఎక్కువైతే రక్తస్రావం, తక్కువైతే గడ్డ. ఒకే మోతాదు ఇద్దరు మనుషుల్లో ఒకేలా పనిచేయదు, ఒకే మనిషిలో రెండు నెలలు ఒకేలా పనిచేయదు. కాబట్టి కొలవాలి. ఆ కొలతే ఐఎన్ఆర్.

డిశ్చార్జి రోజు ఒక చిన్న పుస్తకం ఇచ్చారు. తేదీ, ఐఎన్ఆర్, మాత్ర, మళ్ళీ ఎప్పుడు అని నాలుగు గళ్ళు. మొదటి పేజీ మీద డాక్టరు పెన్నుతో 2.5 – 3.5 అని రాసి చుట్టూ గుండ్రంగా గీశారు. ‘అమ్మా, ల్యాబ్ వాళ్ళు ఏం అచ్చేసినా, మీ నార్మల్ ఇదీ’ అన్నారు. మైట్రల్ స్థానంలో లోహపు వాల్వు ఉన్నవాళ్ళకు మామూలుగా పెట్టే హద్దు అది. గుండె నుంచి ఒంటికి రక్తం పోయే దారిలో, అంటే అయోర్టిక్ స్థానంలో కొత్తరకం వాల్వు ఉండి వేరే చిక్కులేమీ లేనివాళ్ళకు 2 నుంచి 3 మధ్య సరిపోతుంది. గుండె లయ తప్పినందుకు గానీ కాళ్ళ సిరల్లో గడ్డలకు గానీ ఇదే మాత్ర వాడేవాళ్ళకూ ఎక్కువగా 2 నుంచి 3. రిపోర్టు మీది 0.8 – 1.2 అసలు ఈ మాత్ర వేసుకోని మనిషిది. ల్యాబ్ కంప్యూటరుకు నాకు వాల్వు ఉందని తెలియదు, దాని ధర్మం ప్రకారం హెచ్ కొడుతుంది.

ఆసుపత్రిలో ఉన్నప్పుడే ఒక అనుమానం వచ్చింది. ఐఎన్ఆర్ 2 దాటిందని సిస్టర్ చెప్పింది, అయినా రక్తం గడ్డకట్టకుండా పొట్టకు పొడిచే హెపారిన్ సూదులు ఆపలేదు. అడిగితే డ్యూటీ డాక్టరు ఓపికగా చెప్పాడు. నాలుగు ఫ్యాక్టర్లలో 7వది రక్తంలో కొన్ని గంటలే నిలుస్తుంది కాబట్టి ముందు అది తగ్గి ఐఎన్ఆర్ పెరుగుతుంది. 2వది తగ్గడానికి రోజులు పడుతుంది. అంకె కనబడినంత మాత్రాన రక్షణ పూర్తిగా వచ్చినట్టు కాదు. ఇంటికొచ్చాక కూడా ఇదే పనికొచ్చింది. నిన్న రాత్రి మాత్ర మారిస్తే ఇవాళ పొద్దున్న రిపోర్టులో వెతకొద్దు. రెండు మూడు రోజులు ఆగాలి.

ఇక నల్లగొండలో పరీక్ష సంగతి. మొదట వారానికోసారి, తర్వాత రెండు వారాలకు, నిలకడ వచ్చాక నెలకోసారి. గడియారం సెంటర్ చుట్టుపక్కల ల్యాబులకు కొదవ లేదు. కానీ చాలా చిన్న ల్యాబులు షుగర్, థైరాయిడ్ అక్కడే చేసి, పీటీ శాంపిల్‌ను హైదరాబాద్‌కు పంపిస్తాయి. మధ్యాహ్నం బండిలో పోయిన రక్తం ఎప్పుడు చేరుతుందో, ఎండలో ఎంతసేపు ఉంటుందో. గడ్డకట్టే పరీక్షకు ఆలస్యం మంచిది కాదు, 24 గంటల లోపు చేయాలంటారు. అందుకే మిషన్ అక్కడే ఉన్న ల్యాబు వెతుక్కున్నాను. బడికి పోయే ముందు రక్తమిచ్చి, సాయంత్రం వచ్చేటప్పుడు రిపోర్టు తీసుకొని డాక్టరుకు వాట్సాప్‌లో పెడతాను. మాత్ర వేసుకునేది రాత్రి. మార్చాలంటే ఆ రాత్రే మార్చుకోవచ్చని ఆ వేళ పెట్టారు. పరగడుపున రావాలా అని చాలామంది అడుగుతారు, ఈ పరీక్షకు అక్కర్లేదు.

దీనికి నీలిమూత ట్యూబు వాడతారు. అందులో ముందే కొంచెం సోడియం సిట్రేట్ ద్రవం ఉంటుంది, 3.2 శాతం. రక్తం తొమ్మిది పాళ్ళయితే సిట్రేట్ ఒక పాలు. ట్యూబు మీద సన్నటి గీత ఉంటుంది, రక్తం ఆ గీత దాకా రావాలి. తీయగానే నాలుగైదుసార్లు మెల్లగా తిప్పాలి, గిలకొట్టొద్దు. సిట్రేట్ రక్తంలోని కాల్షియాన్ని పట్టి ఉంచుతుంది, కాల్షియం లేక గడ్డకట్టదు. మిషన్‌లో ప్లాస్మాకు, అంటే కణాలు వేరుచేసిన రక్తపు ద్రవానికి, థ్రాంబోప్లాస్టిన్ అనే రసాయనాన్ని, దాంతోపాటు కాల్షియాన్ని తిరిగి కలిపి, గడ్డ ఎన్ని సెకన్లకు కట్టిందో చూస్తారు. అదే పీటీ. 1935లో ఆర్మండ్ క్విక్ అనే అమెరికన్ డాక్టరు మొదలుపెట్టిన పరీక్ష ఇది. మాత్ర వేసుకోని మనిషికి సుమారు 11 నుంచి 13 సెకన్లు పడుతుంది.

ఒకసారి కొత్తగా చేరిన పిల్లవాడికి నా నరం దొరకలేదు. గుచ్చి గుచ్చి, సన్నగా వచ్చిన రక్తంతో ట్యూబు సగమే నిండింది. మూత బిగించి లేబుల్ అంటించబోయాడు.

‘బాబూ, గీత దాకా రాలే. ఇంకో ట్యూబు తియ్యి’ అన్నాను.

‘సరిపోతది మేడమ్, మిషన్‌కు సుక్కనే చాలు.’

‘మిషన్‌కు సరిపోతది, సిట్రేట్ లెక్క తప్పుతది. రక్తం తక్కువ, మందు ఎక్కువ అయితే ఐఎన్ఆర్ ఎక్కువ చూపిస్తది. అది చూసి నా మాత్ర తగ్గిస్తరు.’

ల్యాబ్ ఓనరు లోపలి నుంచి విని వచ్చి ఆ ట్యూబు తీసి చెత్తబుట్టలో వేశాడు. ఇంకో చేయి చాపమన్నాడు. ‘మేడమ్ ఏ ల్యాబుల జేసిండ్రు?’ అని అడిగాడు. ఏ ల్యాబులోనూ చేయలేదు, భాగహారం వచ్చు అంతే.

ఆ ల్యాబు రెండు రోజులు మూసి ఉంటే ఇంకో చోట చేయించుకోవాల్సి వచ్చింది. అప్పుడే ఐఎన్ఆర్ అసలు ఎందుకు పుట్టిందో నాకు అర్థమైంది. వారం కింద నా పీటీ 34 సెకన్లు. కొత్త ల్యాబులో 25.5 సెకన్లు. మా ఆయన రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టుకొని, ‘గింత పడిపోయింది, డాక్టరుకు ఫోన్ జెయ్యి’ అన్నారు. కింద ఐఎన్ఆర్ వరుస చూడమన్నాను. మొదటి దాంట్లో 2.88, రెండోదాంట్లో 2.87.

మంచి రిపోర్టులో ఇంకో రెండు అంకెలు ఉంటాయి, ఎవరూ చూడరు. ఒకటి ఆ ల్యాబులో మామూలు మనుషుల సగటు పీటీ. రెండోది ఐఎస్ఐ, అంటే వాళ్ళు వాడే థ్రాంబోప్లాస్టిన్ ఎంత చురుకైనదో చెప్పే సూచిక. మన పీటీని సగటు పీటీతో భాగించి, వచ్చిన నిష్పత్తికి ఐఎస్ఐని ఘాతంగా వేస్తే ఐఎన్ఆర్ వస్తుంది. మొదటి ల్యాబులో సగటు 13, ఐఎస్ఐ 1.1. 34ను 13తో భాగిస్తే 2.6 చిల్లర, దానికి 1.1 ఘాతం వేస్తే 2.88. రెండో ల్యాబులో సగటు 12, ఐఎస్ఐ 1.4. 25.5ను 12తో భాగిస్తే 2.125, దానికి 1.4 ఘాతం వేస్తే 2.87. రసాయనం మొద్దుదైతే, అంటే ఐఎస్ఐ ఎక్కువైతే, సెకన్లు తక్కువ చూపిస్తుంది, ఘాతం ఆ లోటును పూడుస్తుంది. పదో తరగతి పిల్లలకు ఘాతాంకాలు ఎందుకు మేడమ్ అని ఎవరైనా అడిగితే చూపించడానికి ఆ రెండు రిపోర్టులూ జిరాక్సు తీసి పెట్టుకున్నాను. భిన్నం ఘాతంగా ఉన్న లెక్క నిత్యజీవితంలో ఇంత సూటిగా ఇంకెక్కడా నాకు దొరకలేదు.

ఈ సర్దుబాటు లేని రోజుల్లో ఇబ్బంది చిన్నది కాదు. అమెరికాలో వాడే రసాయనాలు మొద్దువి, బ్రిటన్‌లో వాడేవి చురుకైనవి. ఒకే సెకన్ల నిష్పత్తి లక్ష్యంగా పెట్టుకుంటే అమెరికా రోగులకు ఎక్కువ మందు పడేది, ఎక్కువమందికి రక్తస్రావం అయ్యేది. 1983లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఈ ఐఎస్ఐ, ఐఎన్ఆర్ పద్ధతిని తెచ్చింది. అందుకే నల్లగొండలో తీసిన అంకెను హైదరాబాద్ డాక్టరు నమ్మి మాత్ర మార్చగలుగుతున్నాడు. డాక్టరుకు రిపోర్టు పెట్టేటప్పుడు సెకన్లు కాదు, ఐఎన్ఆర్ చెప్పాలి. ఐఎస్ఐ 1కి దగ్గరగా ఉన్న ల్యాబయితే ఇంకా మేలు, ఘాతం పెద్దదయ్యేకొద్దీ చిన్న తేడా కూడా పెరిగి కనిపిస్తుంది. వీలైనంతవరకు ఒకే ల్యాబులో చేయించుకోవడం నా అలవాటు.

మోతాదును రోజుకింత అని కాదు, వారానికింత అని లెక్కపెడతారు. నాకు ప్రస్తుతం సోమ, బుధ, శుక్రవారాలు 3 మిల్లీగ్రాములు, మిగతా రోజులు 2. వారానికి 17. ఐఎన్ఆర్ కొంచెం తగ్గితే గురువారం కూడా 3 చేస్తారు, 18 అవుతుంది. ఒక్క మిల్లీగ్రామేగా అనిపిస్తుంది గానీ దాదాపు ఆరు శాతం. 1 మిల్లీగ్రాము మాత్రలు, 2 మిల్లీగ్రాముల మాత్రలు వేర్వేరు డబ్బాల్లో పెట్టి, క్యాలెండర్లో వేసుకున్న రోజు మీద టిక్కు పెడతాను. వేసుకున్నానా లేదా అని రాత్రి పదింటికి తలబాదుకునే పని ఉండదు.

అంకె ఎందుకు ఎగిరిపడుతుందో తెలుసుకోవడానికి మాత్రం చాలా కాలం పట్టింది. ముందు ఆకుకూరలు. డిశ్చార్జి రోజు ఎవరో ‘ఆకుకూరలు బందు’ అన్నారని మా అత్తమ్మ ఇంట్లో తోటకూర కట్ట కనబడనివ్వలేదు. పుంటికూర పప్పు లేకుండా మా ఇంట్లో వారం గడవడమా! డాక్టరును అడిగితే మానేయొద్దన్నారు. ఆకుల్లో విటమిన్ కె ఉంటుంది, తింటే ఐఎన్ఆర్ తగ్గుతుంది. కానీ ప్రతివారం ఒకే తీరుగా తింటే దానికి తగ్గట్టే మాత్ర మోతాదు కుదురుతుంది. ఒకవారం అసలు తినక, ఇంకోవారం పాలకూర, మెంతికూర, గంగవాయిలికూర మూడు పూటలా తింటేనే తంటా. ఆ తర్వాత మా స్టాఫ్‌రూమ్‌లో మునగాకు పొడి గాలి వీచింది. షుగర్‌కు మంచిది, కీళ్ళకు మంచిది, అన్నింటికీ మంచిది. అత్తమ్మ ప్రేమగా ఒక డబ్బా చేయించి రోజూ అన్నంలో మొదటి ముద్దకు పెట్టింది. ఆ నెల ఐఎన్ఆర్ 1.7. డాక్టరు మొదట అడిగింది మాత్ర మరిచానా అని, రెండోది కొత్తగా ఏం తింటున్నానని. డబ్బా పక్కింటికి పోయింది.

అంకె పైకి పోయినప్పుడు ఇంకా భయం. పంటి చిగురు వాచి ఒక క్లినిక్‌కు పోతే, నేను వాల్వు మాట చెప్పినా పట్టించుకోకుండా మెట్రోనిడజోల్ అనే యాంటీబయాటిక్ రాశారు. నాలుగో రోజుకు బ్రష్ చేస్తే నురగ ఎర్రగా వచ్చింది. ముంజేతి మీద ఎక్కడా తగిలిన గుర్తు లేదు, అరచేతంత నల్లటి మచ్చ. వెంటనే పరీక్ష చేయిస్తే 6.2. ల్యాబ్ ఓనరు రిపోర్టు అచ్చు వేయకముందే ఫోన్ చేశాడు. మా డాక్టరు ఆ రాత్రి మాత్ర ఆపమని, పెద్ద రక్తస్రావం గానీ తీవ్రమైన తలనొప్పి గానీ ఉంటే నేరుగా ఎమర్జెన్సీకి రమ్మని, మర్నాడు మళ్ళీ పరీక్ష చేయించమని చెప్పారు. విటమిన్ కె సూది వేస్తే గబగబా తగ్గుతుంది కదా అని నేనే అడిగాను. లోహపు వాల్వు ఉన్నవాళ్ళకు ఊరికే అలా వేస్తే అంకె మరీ కిందికి పోయి వాల్వు మీద గడ్డ కట్టే ప్రమాదం ఉంటుందన్నారు. రెండు రోజుల్లో అదే దిగింది. అప్పటి నుంచి ఏ మందు రాసినా ముందు వాట్సాప్‌లో అడిగాకే వేసుకుంటాను. సెప్ట్రాన్ అనే యాంటీబయాటిక్, ఫంగస్‌కు వాడే ఫ్లుకోనజోల్ కూడా అంకెను పెంచేవే. డైక్లోఫెనాక్ లాంటి నొప్పి మాత్రలు కడుపులో రక్తస్రావం తెస్తాయి కాబట్టి మా ఇంట్లో పెట్టుకోవడమే మానేశాం.

సూదుల సంగతి ఊళ్ళో చెప్పడం ఇంకా కష్టం. ఒళ్ళు నొప్పులున్నాయంటే ఆర్ఎంపీ దగ్గర పిర్రకు సూది వేయించుకోకపోతే వైద్యం జరిగినట్టే కాదు మా వాళ్ళకు. కండలోకి వేసే సూది నాలాంటి వాళ్ళకు లోపల రక్తం గడ్డలా పేరుకునేలా చేస్తుంది. పండక్కి ఊరికి పోయి జ్వరం వస్తే మా అన్న ఆర్ఎంపీని ఇంటికే పిలిపించాడు. ఆయన సూది తీసి గాలి వదులుతుంటే నేను దుప్పటి కప్పుకొని, ‘వద్దన్నా, నాకు వాల్వు ఉంది’ అన్నాను. ఆయనకు కోపం వచ్చింది. రిపోర్టు చూపించమన్నాడు, చూశాడు, ‘మూడా! రక్తమంత నీళ్ళయిపోయింది. ముందు ఆ గోలీలు బంద్ జెయ్యిరి’ అన్నాడు. మా వదినె ముఖం పాలిపోయింది. రక్తం నీళ్ళు కాదు, దాని చిక్కదనం అంతే ఉంటుంది, గడ్డకట్టడానికి టైమ్ ఎక్కువ పడుతుందని నేను చెప్తే వినేవాళ్ళెవరు? డాక్టరు గుండ్రంగా గీసిన మొదటి పేజీ చూపించాకే వదిలారు. ఆ పుస్తకం ఊరికి పోయినా బ్యాగులో ఉంటుంది.

ల్యాబు బెంచీ మీద కూర్చుంటే ఇదే అంకె ఒక్కొక్కరికి ఒక్కో మాట చెప్పడం కనిపిస్తుంది. హెర్నియా ఆపరేషన్‌కు ముందు పరీక్ష రాస్తే వచ్చిన పెద్దాయనకు 1.0. ఆయన ఏ మాత్రా వేసుకోడు, ఆయనకు అదే కావాలి. తాగుడుతో కాలేయం చెడిన ఒకతనికి 2.1. అది నాకైతే తక్కువ, అతనికి మాత్రం చెడు కబురు. కాలేయం ఫ్యాక్టర్లు తయారు చేయలేకపోతోందని అర్థం. అతనికి అందుకోవాల్సిన లక్ష్యమంటూ ఏమీ లేదు. ఒకరోజు పత్తిచేనులో రక్తపింజర కరిచిన కుర్రవాడి శాంపిల్ పక్క నర్సింగ్‌హోమ్ నుంచి వచ్చింది. మిషన్ ఎంతకూ గడ్డ చూపించలేదు, రిపోర్టులో అంకె పడే చోట ‘గడ్డ కట్టలేదు’ అని రాయాల్సి వచ్చింది. ఆ పాము విషం గడ్డకట్టే పదార్థాలను ఖర్చు చేసేస్తుంది. పీటీ మిషన్ లేని చోట రెండు మిల్లీలీటర్ల రక్తాన్ని శుభ్రమైన గాజుగొట్టంలో పోసి 20 నిమిషాలు కదపకుండా పెట్టి, తర్వాత ఒంచి చూస్తారని ల్యాబ్ ఓనరు చెప్పాడు. గడ్డ కట్టకపోతే పాము విషానికి విరుగుడు మందు పెడతారు. ఆ కుర్రవాడికి అప్పటికే పెట్టారట, బతికాడని తర్వాతి నెల తెలిసింది.

పరీక్షే అక్కర్లేని కొత్త మాత్రలు వచ్చాయి కదా, అవి వేసుకోవచ్చు కదా అని మా అబ్బాయి ఫోన్‌లో చూసి అడిగాడు. గుండె లయ తప్పిన చాలామందికి అవి రాస్తున్నారు, నిజమే. లోహపు వాల్వు ఉన్నవాళ్ళకు పనికిరావు. డాబిగాట్రాన్ అనే మాత్రను ఇలాంటివాళ్ళ మీద పరీక్షించి చూస్తే గడ్డలూ ఎక్కువయ్యాయి, రక్తస్రావమూ ఎక్కువైంది. ఆ పరీక్షను మధ్యలోనే ఆపేశారు, 2013లో ఫలితాలు అచ్చయ్యాయి. కాబట్టి నాకు పాత మాత్ర, పాత పరీక్ష.

ఇప్పుడు ఇంట్లో నడుస్తున్న వాదన వేరే. షుగర్ మిషన్ లాగా వేలి చివర గుచ్చి ఒక చుక్కతో ఐఎన్ఆర్ చూపించే చిన్న యంత్రం దొరుకుతోంది. మా ఆయన కొందామంటారు. యంత్రం ఒకసారి కొంటే చాలు గానీ స్ట్రిప్పులు ఎప్పటికప్పుడు కొనాలి, వాటి ధర ల్యాబు ఫీజును మించుతుంది. ల్యాబు రిపోర్టుతో కొన్నిసార్లు పక్కపక్కన పెట్టి చూడనిదే నేను నమ్మనన్నాను. అంకె మరీ పైకి పోయినప్పుడు ఆ యంత్రాలు అంత సరిగ్గా చెప్పవని, ఎలాగూ ల్యాబులో ఇంకోసారి చేయించాలని డాక్టరు కూడా అన్నారు. అటెండర్ కూతురు మాత్రం వాళ్ళ ఊరి నుంచి నల్లగొండకు బస్సు ఎక్కి రావాలి, ఆ పిల్లకు అవసరం నాకంటే ఎక్కువ. ఇద్దరం కలిసి ఒకటి కొని, స్ట్రిప్పులు ఎవరివి వాళ్ళు తెచ్చుకుంటే ఎట్లుంటుందని మొన్న లెక్క వేశాం. ఇంకా తేలలేదు.